తెల్ల గ్లౌజుల పెత్తనం

ఆ ఆదివారం పొద్దున్న ఇందుమతి వేసుకున్న పథకం చాలా చిన్నది. మధ్యాహ్నానికల్లా బొమ్మను తెలుగు సంఘం ఆవరణకి చేర్చాలి, సాయంత్రం ఆడించాలి, హైదరాబాదు నుంచి వస్తున్న రజనీకుమారి గారి చేత బాగుందనిపించుకోవాలి. ఇందులో చెడిపోవడానికి ఏముందని ఎవరికైనా అనిపిస్తుంది. భిలాయి స్మృతి నగర్‌లో, వాళ్ళింట్లో కూడా ఉప్మా తింటూ అందరూ అలాగే అనుకున్నారు.

బొమ్మంటే ఒళ్ళో పెట్టుకునేది కాదు. ఇద్దరు మనుషుల ఎత్తుంటుంది. వెదురు బద్దలతో ఒళ్ళు, పాత పేపర్లూ మైదా జిగురూ కలిపి చేసిన మొహం, పైన తల్లి తులసమ్మ పాత చీరలు. తలకొక తాడు, నడుముకొకటి, చేతులకి రెండు, కాళ్ళకి రెండు. ఇనుప స్టాండు మీద బల్ల వేసుకుని పైన ముగ్గురు కూర్చుని తాళ్ళు లాగితే కింద అది నడుస్తుంది, కూర్చుంటుంది, తలెత్తి చూస్తుంది. ఇందుమతి దానికి 'ఆమె' అని పేరు పెట్టింది. షెడ్డులో చీకట్లో దాన్ని చూసి రెండుసార్లు జడుసుకున్న తులసమ్మ మాత్రం తాటకి అనే పిలిచేది.

ఇందుమతి పుణెలో ఈ విద్యే చదువుకుని వచ్చింది. ఆ సంగతి తండ్రి గురునాథరావుకి ఇప్పటికీ సరిగ్గా మింగుడు పడలేదు. ఆయన స్టీల్ ప్లాంటులో క్రేన్ ఆపరేటరుగా చేసి రిటైరైన మనిషి. "మా ఊరికాడ బొమ్మలాటోలు రామాయణం ఆడీవోరు. నీ బొమ్మకి రాముడూ లేడు, రావణుడూ లేడు. ఇదేటి ఆటే?" అని అడిగేవాడు. "ఇది ఇప్పటి ఆట నాన్నా" అనేది ఇందుమతి. "ఇప్పుడోలు ఎవులు చూస్తారు మరి?" అనేవాడు. నిజమే, అప్పటిదాకా పెద్దగా ఎవరూ చూడలేదు.

అందుకే తండ్రీ కూతుళ్ళ మధ్య ఒక ఒప్పందం కుదిరింది. హైదరాబాదులో జరిగే బొమ్మలాట ఉత్సవానికి ఆటలు ఎంపిక చేసే రజనీకుమారి గారు ఈ ఆట చూసి ఔనంటే ఇందుమతి తన బొమ్మలతో తాను బతుకుతుంది. కాదంటే సోమవారం పొద్దున్నే, గురునాథరావు మాట్లాడి పెట్టిన స్కూల్లో క్రాఫ్ట్ టీచరుగా చేరిపోతుంది. ఒప్పందానికి తులసమ్మ సాక్షి. ఆవిడ ఎవరి పక్షమో ఇద్దరూ అడగలేదు.

ఉప్మా సగంలో ఉండగా ఫోను మోగింది. తాళ్ళు లాగే ముగ్గురు కుర్రాళ్ళలో పెద్దవాడు విక్రమ్.

"దీదీ, మాఫ్ కర్నా. రైల్వే ఎగ్జామ్ సెంటర్ బిలాస్‌పూర్‌లో పడింది. ముగ్గురికీ ఈరోజే. మేం ట్రైన్‌లో ఉన్నాం."

"నిన్న చెప్పకూడదా విక్రమ్?"

"నిన్న చెప్తే మీరు ఏడుస్తారని, దీదీ."

ఇవాళ చెప్పినా ఏడుపే వచ్చింది. రెండు నెలల సాధన ట్రైనెక్కి వెళ్ళిపోయింది. రజనీకుమారి గారికి రాత్రే తిరుగు బండి ఉంది కాబట్టి ఆట రేపటికి జరపడానికీ లేదు. ఇందుమతి ప్లేటు పక్కకి నెట్టి, చేతుల్లో మొహం పెట్టుకుని కూర్చుంది.

గురునాథరావు కాసేపు కూతుర్నీ, కాసేపు ఉప్మానీ చూశాడు. "తాళ్ళు లాగడవే కదా. నాను లాగుతాను" అన్నాడు.

తులసమ్మ గరిట ఆపింది. "కందకి లేని దురద కత్తిపీటకెందుకు? ఆట పోతే రేపు ఉద్యోగంలో చేరుతాది. మీరు కోరింది అదే కదేటి."

"ఆట బాగోక పోతే పోనీ. తాడు లాగీవోడు లేక పోయిందంటే మన పరువేటవుతాది? నెత్తి మీద ఎర్రటి ఇనుం తిప్పినోడిని. ఈ పేపరు బొమ్మ నాకో లెక్కేటి?"

ఆయన ఫోన్లు చేశాడు. ఇడ్లీ తిన్న చేతులు కడుక్కోకుండానే ముగ్గురు దిగారు. గోపాలం, సత్యప్రసాద్ ఇద్దరూ ఆయనతో పాటు క్రేన్లు నడిపినవాళ్ళు. మూడోవాడు కొర్నేలి, గుంటూరు వైపు మనిషి. క్రేను నడిపేవాడికి పైనుంచి కింద లోడు సరిగ్గా కనిపించదు. కింద నిలబడి చేతి సైగలతో ఎత్తు, దించు, పక్కకి జరుపు అని చెప్పే సిగ్నల్‌మేన్ ఒకడుండాలి. ఉద్యోగం ఉన్నన్నాళ్ళూ గురునాథరావుకి ఆ మనిషి కొర్నేలి. ఆ షాపులో, అంటే ప్లాంటులో వాళ్ళ విభాగంలో, మోతకి మాట వినపడేది కాదు కాబట్టి ఇద్దరూ చేతులతోనే మాట్లాడుకునేవారు. రిటైరయ్యాక కూడా ఆ అలవాటు పోలేదు. వరండాలో టీ గ్లాసులు పెట్టుకుని గంటసేపు నోరు విప్పకుండా కబుర్లు చెప్పుకోగలరు. తులసమ్మ ముప్ఫై ఏళ్ళుగా వంటింటి కిటికీలోంచి ఆ కబుర్లు చూస్తూనే ఉంది.

సంఘం ఆవరణలో స్టాండు బిగించగానే పెద్దలు ముందు తాళ్ళు పరీక్షించారు, కప్పీలకి నూనె రాశారు, హెల్మెట్లు పెట్టుకున్నారు. ఆ తర్వాత ఇందుమతిని కూర్చోబెట్టి రూల్సు చెప్పారు.

"సిగ్నలిచ్చేవాడు ఒక్కడేనమ్మా" అన్నాడు కొర్నేలి, జేబులోంచి తెల్ల గ్లౌజులు తీసి తొడుక్కుంటూ. "ఇయ్యి ఎవరి చేతికుంటే వాడి మాటే చెల్లుద్ది. చోటొదిలి పోయేటప్పుడు తీసెయ్యాల. ఆపమని అరచెయ్యి చూపించడం మాత్రం ఎవరైనా చెయ్యొచ్చు. వచ్చేపోయేవాడు చూపించినా ఆపాల్సిందే."

"ఆపించినోడే మల్లీ బొటనేలు చూపించాల. అప్పటిదాకా లోడు కదలదు" అన్నాడు గురునాథరావు.

"నాన్నా, ఇది లోడు కాదు. బొమ్మ."

"తాడుకేలాడీదంతా లోడే."

ఈ రూల్సు వినడానికి నవ్వులాటగా ఉంటాయి గాని, వాటి పుణ్యమాని ఆ షాపులో ఎంతోమంది సాయంత్రం కాళ్ళూ చేతులతో ఇంటికి చేరారు. అందుకని ఇందుమతి నవ్వలేదు. పైగా సాధన మొదలయ్యాక ఆమె బొమ్మ మీంచి కళ్ళు తిప్పలేదు. కొర్నేలి వేలు కొంచెం కదిపితే బొమ్మ తల కొంచెం వాలింది. ఆ కుర్రాళ్ళ చేతుల్లో రెండు నెలలు కుదుపుతూ నడిచిన బొమ్మ ఈ ముసలాళ్ళ చేతుల్లో ఊపిరి తీసుకుంటున్నట్టు నడిచింది. ఇక భయం లేదనుకుంది పాపం పిచ్చిపిల్ల.

సాయంత్రం చలిగా ఉంది. డిసెంబరు నెల కదా, కోహ్కా, పవర్ హౌస్ పేటల నుంచి వచ్చిన తెలుగువాళ్ళంతా శాలువాలు కప్పుకుని కుర్చీల్లో సర్దుకున్నారు. ముందు వరసలో ఒక చివర రజనీకుమారి గారు. ఆవిడ ఆ వారమంతా ఊరూరా తిరిగి బొమ్మలాటలు చూస్తోంది. అన్ని ఊళ్ళలోనూ బొమ్మలు ఏడ్చాయి. ఆవిడ మొహంలో అలసట స్పష్టంగా ఉంది. అదే వరస మధ్యలో తులసమ్మ, ఆవిడ పక్కన కొర్నేలి భార్య డైసీ. వేదిక ముందు మూల కొర్నేలి. పైన నల్లతెర వెనక బల్ల మీద ముగ్గురు. కింద బొమ్మ వాళ్ళకి కనిపించదు. తెర సందులోంచి కొర్నేలీ, దీపం వెలుగు పడే ముందు వరసా, వెనక కొంత జనమూ కనిపిస్తారు.

ఇందుమతి మైకు పట్టుకుని మొదలుపెట్టింది. "ఒక స్త్రీ. ఒక ట్రంకు పెట్టె. పవర్ హౌస్ స్టేషను." ఆట పేరు 'నిరీక్షణ'. పెళ్ళై కొత్తగా భిలాయికి వచ్చిన ఒక అమ్మాయి స్టేషన్లో దిగి, ప్లాంటు పొగగొట్టాలు చూసి, భర్త కోసం ఎదురుచూసి చూసి చివరికి రాయైపోతుంది. ఆట రాసేముందు ఇందుమతి తల్లిని అడిగింది, నువ్వు వచ్చిన రోజు ఎలా ఉందమ్మా అని. "ఏటుందే సెప్పడానికి, రైలెక్కినాను, దిగినాను" అంది తులసమ్మ పప్పు కడుగుతూ. మిగిలిన దుఃఖమంతా ఇందుమతి పుస్తకాల్లోంచి తెచ్చుకుని పోసింది.

బొమ్మ రైలు దిగింది. జనం శాలువాలు సర్దుకోవడం ఆపారు. రజనీకుమారి గారు కొంచెం ముందుకి వంగింది. సరిగ్గా అప్పుడు వెనక వరసల దగ్గర సంఘం కార్యదర్శి యుగంధర్, సమోసాల ట్రే పట్టుకుని లోపలికి దూసుకొస్తున్న క్యాటరింగ్ మనిషికి అరచెయ్యి అడ్డం పెట్టాడు, ఇప్పుడే వద్దని.

పైన ముగ్గురూ తాళ్ళు బిగబట్టారు. బొమ్మ ఒక కాలు గాల్లో పెట్టి ఆగిపోయింది.

కొర్నేలి కదలమని వేలు తిప్పాడు. కదల్లేదు. మళ్ళీ తిప్పాడు. తెర సందులోంచి గురునాథరావు చెయ్యి బయటికొచ్చి వెనక్కి చూపించింది. కొర్నేలి తిరిగి చూసి సంగతి గ్రహించాడు. యుగంధర్ బొటనవేలు చూపిస్తే తప్ప ఆ కాలు నేల మీదికి దిగదు. అందుకు కొర్నేలి చోటు వదలాలి కాబట్టి గ్లౌజులు తీశాడు. దగ్గర్లో తెలిసిన మనిషి తులసమ్మే. "చెల్లెమ్మా, ఇయ్యి కాస్త పట్టుకో" అని ఆవిడ ఒళ్ళో పెట్టి వెనక్కి వెళ్ళాడు.

యుగంధర్‌కి విషయం అర్థమయ్యేసరికి సమోసాలు చల్లారాయి. అతను వేదిక వైపు బొటనవేలెత్తి చూపించాడు, పెద్దాయన అడుగుతున్నాడు కదా అని. చూపించి ఊరుకున్నా బాగుండేది. "పెద్దోరు మీరు నిలబడకూడదు సార్" అని కొర్నేలిని భుజాలు పట్టి ఓ కుర్చీలో కూలేసి, ఆ కుర్చీ ముందు ఇంకో రెండు వరసలు కుర్చీలు వేయించాడు. చేతిలో సమోసా పెట్టాడు. కొర్నేలికి దారి మూసుకుపోయింది.

ఈలోపు ముందు వరసలో తులసమ్మకి చేతులు చల్లబడుతున్నాయి. ఒళ్ళో గ్లౌజులున్నాయి. తొడుక్కుంది.

"గురూ, సిగ్నల్‌మేను మారినాడు" అన్నాడు పైన సత్యప్రసాద్.

గురునాథరావు తెర సందులోంచి చూశాడు. "గ్లౌజులున్నాయా?"

"ఉన్నాయి. మీ ఆవిడికి."

గురునాథరావు తాడు సరిగ్గా పట్టుకున్నాడు. "ఎవులైతే ఏటి. రూలు రూలే."

బొమ్మ కాలు గాల్లో ఉన్నంతసేపూ తులసమ్మా డైసీ కబుర్లలో పడ్డారు. మన ఆడవాళ్ళు చేతులు కట్టుకుని మాట్లాడడం ఎవరైనా చూశారా? "ఇదేటి వొదినా, ఇంత నెమ్మదిగా దిగుతాదా రైలు?" అంది తులసమ్మ. "ఆ రోజు మా కంపార్టుమెంట్లో జనం కిందా మీదా. ముందు పెట్టె ఇలగ ఇసిరీసినాను" అని చెయ్యి విసిరింది.

బొమ్మ చెయ్యి గాల్లోకి లేచి కిందికి విసురుగా పడింది.

"వెనకాల నాను ఇలగ దూకీసినాను."

బొమ్మ అంతెత్తు లేచి వేదిక మీద దూకింది. ముందు కూర్చున్న పిల్లలు కేరింతలు కొట్టారు. ఇందుమతి మైకు పట్టుకుని "ఆమె... మౌనంగా..." అని ఆగిపోయింది. తులసమ్మకి ఇదేమీ తెలీదు. ఆవిడ డైసీ వైపు తిరిగి ఉంది. పక్కగా వెళ్తున్న టీ అతన్ని రమ్మని చేత్తో పిలిచింది. బొమ్మ గబగబా వేదిక అంచుకి వచ్చి ముందుకి వాలింది. టీ అతను తలెత్తి చూసి కెటిల్ అక్కడే వదిలి కుర్చీల మీదుగా పోయాడు. జనం నవ్వుతున్నారు. రజనీకుమారి గారు కూడా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

ఇందుమతి మైకు దించేసింది. పుణె చదువు, రెండేళ్ళ కష్టం, చీరలు కత్తిరించి కుట్టిన రాత్రులు, అన్నీ ఈ నవ్వుల్లో కొట్టుకుపోతున్నాయి. రేపు పొద్దున్న స్కూలు. రంగు కాగితాలు, జిగురు, ముప్ఫైమంది పిల్లలు. వేదిక దిగి తల్లి చేతుల్లోంచి గ్లౌజులు లాగేద్దామని విసవిసా నడిచింది.

అప్పటికి డైసీ సంగతి పట్టేసింది. "వదినా, నువ్వేం చేస్తే అదే చేస్తంది ఆ బొమ్మ."

"నోరుముయ్యి వొదినా."

"నీ మీదొట్టు. చెయ్యెత్తి చూడు."

తులసమ్మ అనుమానంగా ఎడమ చెయ్యి రవ్వంత ఎత్తింది. తాటకి ఎడమ చెయ్యి రవ్వంత ఎత్తింది. తులసమ్మ నల్లతెర వైపు చూసింది, తన చేతుల వైపు చూసింది. ముప్ఫై ఏళ్ళు కిటికీలోంచి చూసిన సైగలు ఆవిడ ఒక్కటీ మర్చిపోలేదు. చూపుడు వేలు పైకెత్తి సన్నగా తిప్పింది. బొమ్మ నిటారుగా లేచి నిలబడింది. ఆవిడ మొహంలోకి ఒక నవ్వు వచ్చింది. ఇందుమతి ఆ నవ్వు ఎప్పుడూ చూడలేదు.

"మౌనంగా ఏటి, నా మొహం" అంటోంది తులసమ్మ డైసీతో. "పొగగొట్టాలు చూసి ఏడిసిందంట. ఎందుకేడుస్తాను? ఆకలేసింది నాకు. ఎవులో చుట్ట కాలుస్తన్నారనుకున్నాను అంతెత్తున."

ఇందుమతి చెయ్యి గ్లౌజుల దాకా వెళ్ళి ఆగింది. ఇది ఆమె ఎప్పుడూ వినలేదు. అడిగినప్పుడు ఎవరూ చెప్పలేదు. ఆమెకి ఒక్కసారిగా తన ఆట మీద సిగ్గేసింది, తల్లి మీద ప్రేమ ముంచుకొచ్చింది. కింద కూర్చుని మైకు తల్లి నోటి దగ్గర పెట్టింది.

"అమ్మా, ఆపకు. చెప్పు."

"ఏటి సెప్పీది? ఇంతమందిలోన?"

"పెట్టె విసిరేశావు, దూకావు. తర్వాత?"

తులసమ్మ ఒకసారి డైసీ వైపు చూసింది. తర్వాత చేతులు లేచాయి. ఇక వాటిని ఆపడం ఎవరి తరమూ కాలేదు. స్టేషన్లో దించుకోవడానికి ఎవరూ రాలేదు, ఆయనది సెకండ్ షిఫ్ట్. బొమ్మ అటూ ఇటూ చూసింది. రిక్షావాడు హిందీలో ఏదో అడిగాడు, రాదు కాబట్టి అన్నిటికీ తలూపింది. బొమ్మ తలూపింది. ఆ తలూపుడుకి వాడు ఊరంతా తిప్పాడు. బొమ్మ వేదికంతా తిరిగింది. నడుం తాడు లాగుతున్న గోపాలానికి రొప్పు వచ్చింది. క్వార్టరుకి చేరేసరికి తాళం వేసి ఉంది. తులసమ్మ వేలు కిందికి చూపించింది, బొమ్మ ట్రంకు పెట్టె మీద కూలబడింది. జనంలో చాలామంది ఆడవాళ్ళు అదే స్టేషన్లో అలాగే దిగినవాళ్ళు. "మాకూ అంతే పిన్నీ" అని వెనకనుంచి ఎవరో అన్నారు.

"అప్పుడొచ్చినారు ఈయన" అంది తులసమ్మ. "నల్లగా, మసి కొట్టుకుని. నోరిప్పి ఒక్క మాట లేదు. పెళ్ళిలోనూ మాటాడలేదు, సిగ్గనుకున్నాను. వచ్చి ఎదురుగా నిలబడి చేత్తో ఏటో సైగ చేసినారు. షాపులో అలవాటని నాకేటి తెలుసు? మూగోడికిచ్చీసినాడు మా నాన్న అనుకున్నాను. ఆ పెట్టె మీద కూకుని అప్పుడేడిసినాను. అంతే, అదొక్కటే ఏడుపు."

ఆవరణంతా పగలబడి నవ్వింది. నల్లతెర వెనక మాత్రం చప్పుడు లేదు. ఇందుమతి నవ్వుతూనే అడిగింది, "ఏమని సైగ చేశారమ్మా?"

"ఏమో. ఆ రోజు నాకు తెలిస్తే కదా. తరవాత నానూ అడగలేదు." తులసమ్మ చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

సిగ్నల్ లేదు. అంటే లోడు కదలకూడదు. ఉద్యోగంలో చేరిన నాటి నుంచి గురునాథరావు సిగ్నల్ లేకుండా లోడు కదపలేదని ప్లాంటులో పేరు. ఇప్పుడు ట్రంకు పెట్టె మీద కూర్చున్న బొమ్మ కుడిచెయ్యి మెల్లిగా, ఎవరూ చెప్పకుండా లేచింది. వేళ్ళు నోటి దాకా వెళ్ళాయి, తర్వాత తులసమ్మ వైపు తిరిగాయి. తిన్నావా అని.

"గురూ, సిగ్నల్లేదురా" అన్న సత్యప్రసాద్ గొంతు పైనుంచి స్పష్టంగా వినపడింది.

"ఊరుకోరా" అన్నాడు గురునాథరావు.

తులసమ్మ శాలువా కొంగుతో కళ్ళు తుడుచుకుంది. తర్వాత గ్లౌజు చెయ్యి ఎత్తి, తినలేదు అని అడ్డంగా ఊపింది. బొమ్మ కూడా అలాగే ఊపింది, ఎవరిది జవాబో ఎవరిది ప్రశ్నో తెలీకుండా. చప్పట్లు మొదలై చాలాసేపు ఆగలేదు. కొర్నేలి కుర్చీల మధ్యలోంచి లేచి, సమోసా లేని చేత్తో బొటనవేలు చూపించాడు.

రజనీకుమారి గారు కళ్ళజోడు తుడుచుకుంటూ వచ్చింది. "చూసేవాళ్ళలో కూర్చున్న మనిషి చేతులకి బొమ్మ ఆడడం, పైన ఉన్నవాళ్ళు ఆవిడకి జవాబు చెప్పడం... ఈ ఆలోచన ఎవరిదమ్మా?"

ఇందుమతి అబద్ధం చెప్పొచ్చు. నోటి దాకా వచ్చింది కూడా. "నాది కాదండీ. నేను రాసింది ఇంకొకటి. అందులో బొమ్మ రాయైపోతుంది."

"అది తీసెయ్. ఇది హైదరాబాదు తీసుకురా. ఇదే మనుషులతో."

ఆ రాత్రి ఆటోలో ఇంటికి వెళ్తూ గురునాథరావే స్కూలు హెడ్మాస్టరుకి ఫోను చేశాడు. మా అమ్మాయి రేపు చేరడం లేదు, ఏమీ అనుకోకండి అన్నాడు. ఎందుకని ఆయన అడిగితే, ఇంట్లో రిహార్సళ్ళున్నాయి, ఖాళీ లేదు అని పెట్టేశాడు. ఇందుమతి వెనక సీట్లో తల్లి భుజం మీద తల పెట్టుకుని అంతా వింది. ఆమె ఎంత సంతోషంగా ఉందంటే, పవర్ హౌస్ దగ్గర జామ్‌లో ఇరుక్కున్నా ఎవరినీ తిట్టుకోలేదు.

వారం తిరక్కుండా హైదరాబాదు నుంచి పిలుపు వచ్చింది. ఎంపికైన విభాగం 'యువ కళాకారులు'. పెద్దలు నలుగురూ అందులో ఆక్షేపించాల్సిందేమీ లేదని తేల్చుకుని, మోకాళ్ళ తైలం సీసాలు సర్దుకున్నారు.